ఏథియోనిజం: వాడుకలోంచి పోయిన ఒక ఇంగ్లిష్ మాట గురించి తరచుగా అడిగే ప్రశ్నలు

ఏథియోనిజం అంటే ఏమిటి?

దైవరాహిత్యం. దేవుడంటే భయం, భక్తి రెండూ లేకుండా, పైన అడిగేవాడు ఎవడూ లేడన్నట్టు నడుచుకోవడం. పదహారో శతాబ్దంలో, ఎనిమిదో హెన్రీ కాలంలో, ఇంగ్లిష్‌లో పుట్టిన మాట ఇది. ఇప్పుడు ఎవరూ వాడరు, నిఘంటువుల్లో కూడా పక్కన ‘వాడుకలో లేదు’ అని రాసి ఉంటుంది. మనకు తెలిసిన ఏథిజం (నాస్తికత్వం) అనే మాట కంటే ఇది సుమారు యాభై ఏళ్లు పెద్దది. రెండూ ఒకే ఇంటివే, కానీ రెండింటికీ అచ్చంగా ఒకే అర్థం చెబితే మాత్రం తప్పులో పడతాం. నేనూ మొదట అలాగే పడ్డాను, అందుకే ఇంత వివరంగా రాస్తున్నాను.

స్పెల్లింగ్ ఏంటి? ఎలా పలకాలి?

ఏ, టి, హెచ్, ఈ, ఓ, ఎన్, ఐ, ఎస్, ఎం. ఈ మాట దొరికిన పాత ప్రతిలో చివర ఇంకో ఈ కూడా ఉంటుంది. పలకడం ఏథియోనిజం అంటే సరిపోతుంది.

ఇది అచ్చుతప్పు కాదా? ఏథిజం అని రాయబోయి అలా రాశారేమో?

కాదు. ఈ మాట కనిపించే వాక్యం రాసేనాటికి ఇంగ్లిష్‌లో ఏథిజం అనే మాటే లేదు, లేని మాటకు అచ్చుతప్పు ఎలా వస్తుంది? గ్రీకు మాట ఒకటి చేతిలో ఉంది, దాన్ని ఇంగ్లిష్ చేయాలి, ఇంకా ఎవరూ దారి వేయలేదు, కాబట్టి ఆ రాసినాయన తనకు తోచిన రూపం తాను కట్టుకున్నాడు. మన దగ్గర కూడా ఒక కొత్త వస్తువు వచ్చినప్పుడు పది మంది పది పేర్లు పెడతారు, చివరికి ఒకటి నిలుస్తుంది. ఇది నిలవని పేరు.

ఎక్కడ కనిపిస్తుంది ఈ మాట?

పాలిడోర్ వర్జిల్ అనే ఆయన రాసిన ఇంగ్లండ్ చరిత్రకు చేసిన పాత ఇంగ్లిష్ అనువాదంలో. పేరు విని రోమన్ మహాకవి వర్జిల్ అనుకునేరు, ఆయన వేరు, ఈయన వేరు. ఈయన ఇటలీలోని ఉర్బీనో ఊరివాడు. 1502లో పోప్ తరఫున చర్చి పన్ను వసూలు చేసే పని మీద ఇంగ్లండ్ వచ్చి అక్కడే చాలా ఏళ్లు ఉండిపోయాడు, రాజుగారి అండతో లాటిన్‌లో ఇంగ్లండ్ చరిత్ర రాశాడు. ఆర్థర్ రాజు గురించి జనం చెప్పుకునే కథలన్నీ నిజమేనా అని అనుమానపడినందుకు ఇంగ్లిష్ పండితుల చేత బోలెడు తిట్లు తిన్నాడు. ఒక దేశం వాళ్లు ప్రాణంగా చూసుకునే కథను బయటినుంచి వచ్చినవాడు ప్రశ్నిస్తే ఊరుకుంటారా మరి. నాకు మాత్రం ఆయన ధైర్యం బాగా నచ్చుతుంది.

ఆ లాటిన్ పుస్తకం 1534లో బాసెల్ నగరంలో అచ్చయింది. దాన్ని ఆ రోజుల్లోనే ఎవరో ఇంగ్లిష్ చేశారు, అనువాదకుడి పేరు లేదు. ఆ రాతప్రతి రాజుగారి గ్రంథాలయంలో, తర్వాత బ్రిటిష్ మ్యూజియంలో ఉండిపోయి, 1846లో హెన్రీ ఎల్లిస్ సంపాదకత్వంలో, పాత రాతప్రతులను ప్రచురించే క్యామ్డెన్ సొసైటీ వాళ్లు అచ్చు వేసేదాకా మూడు వందల ఏళ్లు జనం చేతికి రాలేదు. అందుకే ఈ మాటకు తేదీ వేసేటప్పుడు ‘సుమారు 1534’ అంటారు. ఆ ‘సుమారు’ను వదిలేయకండి.

ఆ వాక్యం ఏమిటి? తెలుగులో చెప్పండి.

నిఘంటువులు ఎత్తి చూపే వాక్యం చాలా చిన్నది. తెలుగులో చెప్పాలంటే: ‘ఈ అపచారాన్ని, కాదు, ఈ దైవరాహిత్యాన్ని దేవుడు ఎక్కువ కాలం సహించడు.’

ఆ ‘కాదు’ దగ్గర ఒక్క క్షణం ఆగండి. అసలు రహస్యం అక్కడే ఉంది. రాసినాయన ముందు అపచారం అన్నాడు, ఆ మాట ఆయనకు చాల్లేదు, ఇంకా గట్టి మాట కావాలని వెతుక్కుని ఏథియోనిజం అన్నాడు. అంటే ఆయన దృష్టిలో రెండూ ఒకే మెట్ల వరసలో ఉన్నాయి, కింది మెట్టు అపచారం, పై మెట్టు ఇది. ‘వాడిది పొగరు కాదండీ, ఒళ్లు బలుపు’ అని మనం అంటాం చూడండి, అలా. ఇంకో సంగతి, ఆ వాక్యంలో దేవుడు ఉండనే ఉన్నాడు, కోపంగా చూస్తున్నాడు, సహించను అంటున్నాడు. ఉన్నాడా లేడా అన్న చర్చే అక్కడ లేదు.

అయితే దేవుడు లేడని నమ్మడం అనే అర్థం లేదా?

ఆ రోజుల్లో అది ప్రధానం కాదు. ఈ ఒక్క విషయం పట్టుకుంటే మిగతాదంతా తేలిగ్గా అర్థమవుతుంది.

ఈ రోజు ఒకాయన ‘నేను ఏథిస్ట్‌ని’ అంటే ఆయన ఒక అభిప్రాయం చెబుతున్నాడు, కారణాలు అడిగితే చెబుతాడు, మీరు ఒప్పుకోకపోతే వాదిస్తాడు. పదహారో శతాబ్దపు ఇంగ్లండ్‌లో ఎవరూ తన గురించి తాను ఆ మాట పైకి చెప్పుకునేవాళ్లు కాదు. అది ఎప్పుడూ అవతలివాడి మీద వేసే మాట. తాగి తిరిగేవాడు, ఒట్టేసి అబద్ధం చెప్పేవాడు, చర్చికి రానివాడు, వచ్చినా మనసు పెట్టనివాడు, త్రిత్వాన్ని (తండ్రి, కుమారుడు, పరిశుద్ధాత్మ ఒకే దేవుడనడాన్ని) ఒప్పుకోనివాడు, కాథలిక్కులకు ప్రొటెస్టెంట్లు, ప్రొటెస్టెంట్లకు కాథలిక్కులు, అందరూ ఆ గంపకిందే.

దీనికి మంచి సాక్ష్యాలు రెండున్నాయి. ఎలిజబెత్ రాణికి చదువు చెప్పిన రోజర్ ఆస్కమ్ రాసిన ‘ది స్కూల్‌మాస్టర్’ ఆయన పోయాక 1570లో అచ్చయింది. ఇటలీ వెళ్లొచ్చిన కుర్రాళ్లు చెడిపోయి వస్తున్నారని అందులో ఆయన గోడు. వాళ్లను బతుకులో ఎపిక్యూర్లు (సుఖలోలురు), సిద్ధాంతంలో అథియోయ్ (దేవుడు లేనివాళ్లు) అంటాడు, ఆ రెండో మాటను గ్రీకు అక్షరాల్లోనే పెట్టి, ఇప్పుడిది మామూలు ఇంగ్లిష్ మనిషికి కూడా తెలియని మాటేమీ కాదు, ఎవరో ఇటలీనుంచి మోసుకొచ్చారు అంటాడు. పరదేశపు చదువుతో పిల్లలు పాడైపోతున్నారన్న బాధ ప్రతి తరంలోనూ ఉండేదే. మనకు ఇక్కడ పనికొచ్చేది ఏమిటంటే, అప్పటికి ఆ గ్రీకు మాట జనంలో నలుగుతోంది, కానీ దానికి ఇంగ్లిష్ చొక్కా ఏది తొడగాలో ఇంకా తేలలేదు.

రెండోది 1587 నాటిది. ఫ్రెంచ్‌వాడైన ఫిలిప్ ద మోర్నే రాసిన క్రైస్తవ మత గ్రంథాన్ని ఫిలిప్ సిడ్నీ ఇంగ్లిష్ చేయడం మొదలుపెట్టి మధ్యలో చనిపోతే, ఆర్థర్ గోల్డింగ్ పూర్తి చేశాడు. అందులో ఏథిజం అనే మాట రాసి, చదివేవాళ్లకు తెలియదేమోనని వెంటనే ‘అంటే పూర్తి దైవరాహిత్యం’ అని విడమరిచి చెప్పాడు. కొత్త మాట వాడిన ప్రతివాడికీ ఉండే టెన్షన్ అది. దేవుడు లేడనే నమ్మకం అని కాకుండా దైవరాహిత్యం అని విడమరిచాడంటే, యాభై ఏళ్ల కిందటి ఏథియోనిజం అర్థమే ఇంకా నడుస్తోందన్నమాట.

మాట ఎలా తయారైంది?

గ్రీకులో థియోస్ అంటే దేవుడు, ముందు ‘అ’ చేరిస్తే లేని అని. అథియోస్, దేవుడు లేనివాడు. ఆ ‘అ’ మనకు బాగా దగ్గరి చుట్టం: అధర్మం, అసత్యం, అనాది అన్నప్పుడు సంస్కృతంలో ఉండే ‘అ’, ‘అన్’, గ్రీకు ‘అ’, ‘అన్’ ఒకే మూలం నుంచి వచ్చినవి.

చాలామంది ఇక్కడ ఇంకో అడుగు వేసి థియోస్, దేవ ఒకటే అంటారు. వినడానికి బాగుంటుంది, కానీ తప్పు. దేవ శబ్దానికి బంధువు లాటిన్‌లోని దేయుస్, గ్రీకులో అయితే జ్యూస్ అనే దేవుడి పేరు. థియోస్ వేరే ధాతువు నుంచి వచ్చింది, పోలిక యాదృచ్ఛికం. ఈ పొరపాటు మన తెలుగు పుస్తకాల్లో కూడా చూశాను.

ఏథెన్స్ నగరానికీ దీనికీ సంబంధం ఉందా?

లేదు. ఆ ఊరి పేరు అథీనా దేవత పేరుతో ముడిపడినది. ఒక దేవత పేరున్న ఊరిని దైవరాహిత్యంతో కలపడం ఎంత దూరం పోవడమో చూడండి.

గ్రీకులు ఎవరిని అథియోస్ అనేవాళ్లు?

ఊరి దేవుళ్లను కొలవనివాళ్లను. క్రీస్తుపూర్వం 399లో సోక్రటీస్ మీద పెట్టిన నేరాల్లో ఒకటి, నగరం నమ్మే దేవుళ్లను నమ్మడం లేదని, కొత్త దేవతలను తెస్తున్నాడని. కొత్త దేవతలను తెచ్చేవాడు దేవుడు లేనివాడు ఎలా అవుతాడు అని మనకనిపిస్తుంది, వాళ్లకు అనిపించలేదు. తమ దేవుళ్లు కానిది లెక్కలోకే రాదు.

దీనికంటే గట్టి ఉదాహరణ రోమన్ సామ్రాజ్యంలోని తొలి క్రైస్తవులు. విగ్రహం లేదు, బలి లేదు, చక్రవర్తికి ధూపం వేయమంటే వేయరు. కాబట్టి వీళ్లే అథియోయ్! రెండో శతాబ్దంలో స్ముర్న నగరంలో ముసలి బిషప్ పోలికార్ప్‌ను పట్టుకొచ్చి, ‘నాస్తికులు నశించాలి’ అను, వదిలేస్తాం అన్నారట. ఆయన చుట్టూ ఉన్న జనం వైపు చెయ్యి చూపించి ఆ మాట అన్నాడని ఆయన మరణగాథ చెబుతుంది. ఒకే మాట, రెండు వైపులనుంచీ తిట్టే. కొత్త నిబంధనలో ఎఫెసీయులకు రాసిన పత్రికలో ఈ గ్రీకు మాటే ఉంది, తెలుగు బైబిల్లో దాన్ని ‘దేవుడు లేనివారు’ అన్నారు. అక్కడ అది అన్యమతస్థులను ఉద్దేశించినది, వాళ్లకేమో ఇంటినిండా దేవుళ్లు.

మరి ఏథియోనిజం ఎందుకు నిలవలేదు?

రాతప్రతిలో ఉండిపోయింది, అచ్చులోకి రాలేదు. నలుగురి కంటా పడని మాట నలుగురి నోటికీ ఎక్కదు. ఈలోగా ఫ్రెంచ్ దారిన వేరే రూపాలు వచ్చేశాయి. 1566కే ఏథిస్ట్ అనే మాట ఇంగ్లిష్‌లో కనిపిస్తుంది, ఏథిజం 1587 ప్రాంతంలో. చూశారా, మనిషికి పేరు ముందు వచ్చింది, సిద్ధాంతానికి పేరు తర్వాత వచ్చింది. తిట్టడానికి మనిషి కావాలి కదా, సిద్ధాంతాన్ని ఏం తిడతాం!

ఇంకా చిత్రం, దేవుణ్ణి నమ్మేవాడికి ఇంగ్లిష్‌లో పేరు అంతకంటే ఆలస్యంగా పుట్టింది. డీస్ట్ (మతగ్రంథాల మీద కాక బుద్ధి మీద ఆధారపడి దేవుణ్ణి నమ్మేవాడు) 1621, థీస్ట్ (దేవుణ్ణి నమ్మేవాడు) 1662, ఆ నమ్మకాల పేర్లు డీయిజం 1675, థీయిజం 1678. అందరూ నమ్మే ఊళ్లో నమ్మేవాళ్లకు ప్రత్యేకంగా పేరెందుకు? నమ్మనివాళ్లు ఉన్నారన్న అనుమానం బలపడ్డాకే నమ్మడం కూడా ఒక పక్షం అయింది.

ఏథిస్ట్ అనే ముద్ర మీద పడితే ఏమయ్యేది?

ప్రాణం మీదికి వచ్చేది. 1593 మే నెలలో నాటకకర్త థామస్ కిడ్ గదిలో మతవిరుద్ధమైన కాగితాలు దొరికాయి, చిత్రహింసలు పెడితే అవి ఇంకో నాటకకర్త క్రిస్టఫర్ మార్లోవి అన్నాడు. మార్లోకు పిలుపు వచ్చింది, ఆ నెల 30న డెట్‌ఫర్డ్‌లో ఒక ఇంట్లో కత్తిపోటుతో చనిపోయాడు. ఆయన నిజంగా ఏం నమ్మేవాడో తేల్చడం కష్టం, మన దగ్గరున్నది ఆరోపణలు చేసినవాళ్ల రాతలే.

1666లో లండన్ తగలబడిపోయాక, ఇది దేవుడి శిక్ష అని పార్లమెంటులో నాస్తికత్వానికి వ్యతిరేకంగా బిల్లు ఆలోచించారు, తత్వవేత్త థామస్ హాబ్స్ రాసిన ‘లెవయాథన్’ అనే పుస్తకాన్ని పరిశీలించమన్నారు. పైన చెప్పిన ‘దేవుడు ఎక్కువ కాలం సహించడు’ అన్న వాక్యం గుర్తుందా, నూట ముప్ఫై ఏళ్ల తర్వాత కూడా అదే ఆలోచన. 1697లో ఎడిన్‌బరోలో థామస్ ఐకెన్‌హెడ్ అనే ఇరవై ఏళ్ల విద్యార్థిని దైవదూషణ నేరం కింద ఉరితీశారు. బ్రిటన్‌లో ఆ నేరానికి ఉరి అదే ఆఖరు. ఇరవై ఏళ్లండీ, డిగ్రీ చదివే పిల్లాడు. స్నేహితుల మధ్య మాట్లాడిన మాటలు స్నేహితులే కోర్టులో చెప్పారు. ఈ భాగం రాస్తుంటే ఇప్పటికీ మనసు బరువెక్కుతుంది.

ఎప్పటినుంచి జనం తమను తాము ఏథిస్ట్ అని చెప్పుకోవడం మొదలుపెట్టారు?

పద్దెనిమిదో శతాబ్దంలో, ముందు ఫ్రాన్స్‌లో. ఇంగ్లండ్‌లో 1811లో కవి షెల్లీ ఈ విషయం మీద ఒక చిన్న కరపత్రం వేసి, దాని గురించి అడిగితే జవాబు చెప్పనన్నందుకు ఆక్స్‌ఫర్డ్ చదువు పోగొట్టుకున్నాడు. చార్ల్స్ బ్రాడ్లా 1880లో నార్తాంప్టన్ నుంచి పార్లమెంటుకు గెలిచాడు. దేవుడి పేర ప్రమాణం బదులు మామూలు ప్రకటన చేస్తానన్నాడని మొదలైన గొడవలో, మళ్లీ మళ్లీ గెలుస్తూ, 1886 దాకా సరిగ్గా కూర్చోలేకపోయాడు. 1888లో ప్రమాణాల చట్టం మారింది.

ఈ బ్రాడ్లా మనకూ కావలసినవాడే. 1889లో బొంబాయి కాంగ్రెస్ సభకు వచ్చాడు. 1891లో ఆయన పోయినప్పుడు లండన్‌లో చదువుకుంటున్న గాంధీ అంత్యక్రియలకు వెళ్లాడు, ఆత్మకథలో రాసుకున్నాడు.

మన ‘నాస్తికుడు’ కూడా ఇదే మాటా?

అర్థం నడిచిన దారి చూస్తే ఆశ్చర్యపోతారు, కానీ మొదలు వేరు. నాస్తి అంటే లేదు. ఏం లేదు? దేవుడనే అనుకుంటాం వెంటనే. పాణిని సూత్రం ఒకటుంది, ‘అస్తి నాస్తి దిష్టం మతిః’, దానికి వ్యాఖ్యానం రాసినవాళ్లు పరలోకం ఉందనుకునేవాడు ఆస్తికుడు, లేదనుకునేవాడు నాస్తికుడు అన్నారు. మనుస్మృతి అయితే వేదాన్ని నిందించేవాడు నాస్తికుడు అంది. ఈ లెక్కన జైనులు, బౌద్ధులు నాస్తికులు. సృష్టికర్తగా ఈశ్వరుణ్ణి ఒప్పుకోని మీమాంసకులు మాత్రం వేదాన్ని నెత్తిన పెట్టుకున్నారు కాబట్టి ఆస్తికులే! దేవుడు అనే ప్రశ్న కంటే మన పుస్తకం, మన కట్టు అనే ప్రశ్నే పెద్దది అక్కడ కూడా.

అది తిట్టు కూడా అయింది. రామాయణంలో జాబాలి, పరలోకం లేదు, పితృకార్యాలు దండగ, వచ్చి రాజ్యం ఏలుకో అని రాముడికి చెబుతాడు. రాముడు కోప్పడితే వెంటనే నేను నాస్తికుణ్ణి కాను, నిన్ను వెనక్కి తీసుకెళ్లాలని అలా అన్నాను అంటాడు. ఆ మాట తన మీద ఉండిపోతుందేమోనన్న కంగారు ఆయన మాటల్లో తెలుస్తుంది.

అన్నట్టు, ‘తిరిగి తిరిగి కాళ్లు అరిగాయి, ఫలితం నాస్తి’ అని మనం రోజూ అనేది కూడా ఆ నాస్తే.

తెలుగువాళ్లలో ఈ మాటను గర్వంగా పెట్టుకున్నది ఎవరు?

గోరా పేరు ముందు చెప్పాలి. గోపరాజు రామచంద్రరావు, 1902లో పుట్టారు, కాలేజీల్లో బోటనీ చెప్పారు, భావాల వల్ల ఉద్యోగం పోగొట్టుకున్నారు. 1940లో కృష్ణా జిల్లా ముదునూరులో భార్య సరస్వతితో కలిసి నాస్తిక కేంద్రం పెట్టారు, 1947లో అది విజయవాడకు మారింది. 1972లో మొదటి ప్రపంచ నాస్తిక మహాసభ అక్కడే జరిగింది. గాంధీతో ఆయన చేసిన సంభాషణల పుస్తకం కూడా ఉంది. లండన్‌లో బ్రాడ్లాకు చివరి చూపు చూసిన గాంధీయే, యాభై ఏళ్ల తర్వాత సేవాగ్రామ్‌లో ఒక తెలుగు నాస్తికుణ్ణి కూర్చోబెట్టుకుని ఓపిగ్గా విన్నాడు. తిట్టుగా పుట్టిన మాటను ఒక కుటుంబం ఇంటి గుమ్మం మీద బోర్డుగా రాసుకుంది, వాళ్ల వాదంతో ఏకీభవించినా లేకపోయినా ఆ తెగువకు దండం పెట్టాలి.

నిరీశ్వరవాదం, అజ్ఞేయవాదం, హేతువాదం, ఇవన్నీ ఒకటేనా?

కాదు. నిరీశ్వరవాదం: ఈశ్వరుడు లేడనే వాదం. అజ్ఞేయవాదం: అది తెలుసుకోగలిగేది కాదనడం, ఇంగ్లిష్‌లో ఆ పేరు 1869లో టి.హెచ్. హక్స్‌లీ పెట్టింది. హేతువాదం: దేన్నయినా కారణం చూసి ఒప్పుకోవడం. ఏథియోనిజానికి వీటిలో ఏదీ సరిపోదు.

అయితే అనువాదంలో ఏం రాయాలి?

సందర్భం చూడండి. పదహారో శతాబ్దపు వాక్యమైతే దైవరాహిత్యం అనండి. మరీ బరువుగా ఉందనిపిస్తే, తెలుగు బైబిలు వల్ల మనకు అలవాటైన ‘భక్తిహీనత’ ఉంది, నడవడి గురించి చెప్పేటప్పుడు అది చక్కగా అమరుతుంది. కానీ పైన చెప్పిన వాక్యంలో అపచారానికి, దీనికి మధ్య మెట్టు తేడా కనబడాలి, భక్తిహీనత అంటే ఆ ఎత్తు తగ్గిపోతుంది. నాస్తికత్వం అని మాత్రం రాయకండి, చదివేవాళ్ల కళ్ల ముందు గోరాగారి సభ కనిపిస్తుంది, ఎనిమిదో హెన్రీ వంశమైన ట్యూడర్ల కాలపు పాపభీతి కనిపించదు.

ఇప్పుడు ఇంగ్లిష్‌లో ఈ మాట వాడొచ్చా?

వ్యాసంలో వాడితే తప్పు దిద్దుతారు, పరీక్షలో రాస్తే మార్కు పోతుంది. ఆ కాలపు కథ ఏదైనా రాస్తుంటే, పాత్ర నోట పెట్టుకోవచ్చు, అదీ పండితుడి నోటే. ఊరి రైతు ఆ మాట అనడు.

పాత పుస్తకాల్లో వెతికితే దొరకడం లేదు, ఏం చేయాలి?

మామూలు స్పెల్లింగ్‌తో వెతికితే దొరకదు. చివర ఈ చేర్చి చూడండి. 1846 నాటి క్యామ్డెన్ సొసైటీ సంపుటిలో అయితే వెతకడం తేలిక, అచ్చు ఇప్పటిదిలాగే ఉంటుంది. గోల్డింగ్ 1587 పుస్తకంలో ఏథిజం కోసం వెతుకుతుంటే ఇంకో చిక్కు, ఆయన హెచ్ తర్వాత ఈ లేకుండా, చివర ఈ పెట్టి రాశాడు. పైగా ఆ కాలపు అచ్చులో మాట మధ్యలో వచ్చే ఎస్ పొడుగ్గా ఎఫ్‌లా కనిపిస్తుంది, స్కాన్ చేసిన కంప్యూటర్ దాన్ని ఎఫ్ అనే చదువుకుంటుంది. కాబట్టి ఎస్ బదులు ఎఫ్ వేసి కూడా ఒకసారి వెతకండి.